ములుగు: ఒకే ఊరి కాగితాల్లో మూడు జిల్లాల పేర్లు ఎందుకు?

ప్రశ్న (పాతపహాణీ):
ములుగు చుట్టుపక్కల ఊళ్ల కాగితాలు వరుసగా చూస్తే ఒకదాంట్లో వరంగల్, ఇంకోదాంట్లో జయశంకర్, ఈమధ్యవాటిలో ములుగు జిల్లా అని ఉంటోంది. వాజేడువైతే ఖమ్మం. ఏ తేదీ నుంచి ఏ పేరు? వాజేడు ఓట్లు భద్రాచలం నియోజకవర్గంలో ఎందుకున్నాయి? ములుగు పక్కన జాగ కొనేవాళ్లు ముందుగా ఏం చూసుకోవాలి?

జవాబు 1 (దస్తావేజు):
2016 అక్టోబర్ 10 వరకు వరంగల్. 11న కొత్త జిల్లాలు వచ్చాక జయశంకర్ భూపాలపల్లి. 2019 ఫిబ్రవరి 17 నుంచి ములుగు. అదే రోజు నారాయణపేట కూడా జిల్లా అయింది, రాష్ట్రంలో లెక్క 33కి చేరింది. దస్తావేజు రాసిన నాటికి ఏ జిల్లా ఉందో ఆ పేరు ఉంటే అది తప్పు కాదు, మార్పించనక్కర్లేదు.

చిక్కంతా ఈసీ (ఆ భూమి మీద జరిగిన లావాదేవీలు చూపే ధ్రువపత్రం) దగ్గర వస్తుంది. సాగు భూముల రిజిస్ట్రేషన్ 2020 నవంబర్ నుంచి తహసీల్దారు చేతికి వెళ్లింది. అంతకుముందు లావాదేవీలు సబ్ రిజిస్ట్రార్ రికార్డులో, తర్వాతవి ధరణి అనే ప్రభుత్వ భూ రికార్డుల పోర్టల్‌లో ఉంటాయి. ధరణి స్థానంలో 2025 ఏప్రిల్‌లో భూ భారతి వచ్చింది. ఒక్కచోటే చూసి 'ఏమీ లేదు' అనుకుంటే సగం చరిత్ర వదిలేసినట్టే. రెండూ తీయండి.

జవాబు 2 (గోదారి ఒడ్డు):
వాజేడు, వెంకటాపురం గోదావరికి అవతలి ఒడ్డు. ఒకప్పటి నూగూరు తాలూకా. 1959 దాకా తూర్పు గోదావరిలో ఉండి, భద్రాచలంతో పాటు ఖమ్మంలోకి వచ్చింది. 2016లో ఈ రెండు మండలాలను జయశంకర్‌లో కలిపారు, అక్కడి నుంచి ములుగుకు వచ్చాయి. జిల్లా గీతలు మారాయి గానీ అసెంబ్లీ గీతలు మారలేదు. అందుకే ఓటు భద్రాచలానికి, కలెక్టరేట్ ములుగులో. లోక్‌సభకు మాత్రం ములుగు, భద్రాచలం రెండు నియోజకవర్గాలూ మహబూబాబాద్ కిందే.

మ్యాప్ ముందు పెట్టుకుంటే ఇంకో సంగతి తెలుస్తుంది. ములుగు పట్టణం జిల్లాకు నడుమ లేదు, నైరుతి కొసన ఉంది. 163వ జాతీయ రహదారి మీద వరంగల్ నుంచి సుమారు 50 కిలోమీటర్లు. గోవిందరావుపేట, పస్రా, తాడ్వాయి దాటి ఏటూరునాగారం చేరడానికి దాదాపు మళ్లీ అంతే. ఆ తర్వాత ముల్లకట్ట వంతెన దాటితేనే వాజేడు. ఆ వంతెన లేని రోజుల్లో పడవ ఎక్కాలి, లేదా భద్రాచలం మీదుగా చుట్టు తిరగాలి. ఐటీడీఏ (గిరిజనాభివృద్ధి సంస్థ) ఆఫీసు ఏటూరునాగారంలో ఉంది, గిరిజన పథకాల పనికి ములుగు దాకా రానక్కర్లేదు. రైలుకు వరంగలో కాజీపేటో పోవాల్సిందే.

వానల సంగతి కూడా తెలిసి ఉండాలి. 2013 జులైలో వాజేడులో ఒక్కరోజే 517.5 మి.మీ. కురిసింది. 2023 జులైలో వెంకటాపూర్ మండలం లక్ష్మీదేవిపేటలో 649.8 మి.మీ. పడి ఆ రికార్డును దాటేసింది. అప్పుడే జంపన్నవాగు పొంగి కొండాయి ఊరు మునిగి ప్రాణాలు పోయాయి. వాగు గోదావరిలో కలిసే చోటికి దగ్గర్లోని ఊళ్లలో నది నిండుగా ఉంటే వాగు నీరు ముందుకు పోలేక వెనక్కి తంతుంది. ఇల్లు చూసుకునేవాళ్లు వాగు ఎంత దూరమని కాదు, ఆ ఏడాది నీళ్లు ఎక్కడిదాకా వచ్చాయని అడగండి. వెంకటాపూర్, వెంకటాపురం వేర్వేరు మండలాలు. మొదటిది రామప్ప గుడి ఉన్నది, రెండోది గోదారి అవతలిది. అర్జీల్లో ఈ రెండూ తారుమారు కాకుండా చూసుకోండి.

జవాబు 3 (ఒకటి బై డెబ్బై):
జాగ గురించి ఎవరూ చెప్పలేదు, అసలు ప్రమాదం అక్కడే. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వులో ములుగు తాలూకాకు షెడ్యూల్డ్ గ్రామాలను (గిరిజన ప్రాంతంగా ప్రకటించినవి) ఊరు ఊరు పేరుతో జాబితా రాశారు. కాబట్టి 'ములుగు మండలం' అన్న మాట మీద ఏమీ తేలదు, రెవెన్యూ గ్రామం పేరు ఆ జాబితాలో ఉందో లేదో చూడాలి. ఉంటే 1/70 వర్తిస్తుంది, అంటే షెడ్యూల్డ్ ప్రాంతంలో భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా ఆపే చట్టం. గిరిజనేతరుడి నుంచి గిరిజనేతరుడు కొన్నా చెల్లదు. సాదా బైనామా (రిజిస్ట్రేషన్ లేని తెల్లకాగితం ఒప్పందం) రాసుకుంటే డబ్బు పోయినట్టే. అమ్మేవాళ్లు 'జిల్లా కేంద్రం అయింది కదా, ఇప్పుడు ఆ చట్టం లేదు' అంటారు. అది పచ్చి అబద్ధం, జిల్లా మారితే షెడ్యూల్డ్ ఏరియా మారదు.

మంగపేట మండలంలో ఇంకా జాగ్రత్త. 23 గ్రామాలు షెడ్యూల్డ్ ప్రాంతమేనని 2023 జులైలో హైకోర్టు తీర్పిచ్చింది, వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. అక్కడ కేసు పరిస్థితి తేలేదాకా బయానా ఇవ్వకండి.

పాతపహాణీ:
జాబితాలో చూసుకోవాల్సింది పాత రెవెన్యూ గ్రామం పేరా, ఇప్పటి గ్రామ పంచాయతీ పేరా?

ఒకటి బై డెబ్బై:
రెవెన్యూ గ్రామమే. కొత్త పంచాయతీలు చాలావరకు పాత రెవెన్యూ గ్రామాల నుంచి విడదీసినవి, వాటి పేర్లు 1950 జాబితాలో దొరకవు. దొరకలేదని సంబరపడొద్దు. సర్వే నంబరు పాత పహాణీలో ఏ గ్రామం కింద ఉందో తీసి, ఆ పేరుతో వెతకండి.