బడి బియ్యంలో తేలే గింజలు: ప్లాస్టిక్ కాదని ఎలా చూపించాలి? గంజి వార్చవచ్చా?

బడి_కమిటీ అడిగిన ప్రశ్న

మా బడిలో రోజూ 220 మంది మధ్యాహ్న భోజనం చేస్తారు. 1–5 తరగతుల వాళ్లు 140, 6–8 తరగతుల వాళ్లు 80. తలకు 100 గ్రాములు, 150 గ్రాముల లెక్కన 26 కిలోల బియ్యం ఎసట్లో పడాలి. ఈసారి వచ్చిన సన్న బియ్యం కడుగుతుంటే కొన్ని గింజలు పైకి తేలుతున్నాయి. అవి కాస్త పసుపుగా, మిగతావాటి కన్నా లావుగా, అచ్చు పోసినట్టు ఒకే కొలతలో ఉన్నాయి. సంచి మీద +ఎఫ్ గుర్తు ఉంది కాబట్టి ఫోర్టిఫైడ్ బియ్యమని, అంటే పోషకాలు కలిపిన బియ్యమని మాకు అర్థమైంది. కానీ తల్లిదండ్రులు ప్లాస్టిక్ అంటున్నారు, వంటవాళ్లు వాటిని ఏరి పారేస్తున్నారు.

నాలుగు సంగతులు తెలియాలి. తల్లుల ముందు అక్కడికక్కడే చేసి చూపించగల పరీక్ష ఏదైనా ఉందా? కడిగితే, గంజి వారిస్తే అందులో కలిపినవి పోతాయా? సంచిలో ఉండాల్సినన్ని గింజలు ఉన్నాయో లేదో ఎలా చూడాలి? బడిలో సికిల్ సెల్ (ఎర్ర రక్తకణాలు కొడవలి ఆకారానికి తిరిగే పుట్టు జబ్బు) ఉన్న పిల్లలు ఇద్దరున్నారు, వాళ్లకు ఈ అన్నం పెట్టవచ్చా?

ఆహార_సాంకేతికం

అవి బియ్యప్పిండితో చేసిన గింజలేనండి. నూకను పిండి పట్టి, ఐరన్, ఫోలిక్ యాసిడ్, బి12 ఉన్న పొడి కలిపి, నీళ్లతో, ఆవిరితో తడిపి ఎక్స్‌ట్రూడర్‌లో ఒత్తుతారు. జంతికల గొట్టం పని చేసే తీరే ఇదీను. బయటికి వచ్చేదాన్ని గింజంత ముక్కలుగా కోసి ఆరబెడతారు. ఒత్తేటప్పుడు లోపల సన్నటి గాలి బుడగలు మిగులుతాయి, అందుకే కొన్ని తేలతాయి. అచ్చులోంచి రావడం వల్ల అన్నీ ఒకే కొలతలో ఉంటాయి. దొడ్డు బియ్యంలో ఇవి పెద్దగా కనపడవు. సన్న బియ్యంలో కలిపితే మాత్రం కొట్టొచ్చినట్టు కనిపిస్తాయి. అచ్చును కూడా సన్న రకానికి తగ్గట్టు మార్చి ఉంటే మీ ఊళ్లో ఈ గొడవే వచ్చేది కాదు.

తల్లుల ముందు చూపించడానికి అయోడిన్ పరీక్ష చాలు. పుండ్లకు రాసే పోవిడోన్ అయోడిన్ మందు మెడికల్ షాపులో దొరుకుతుంది. తేలిన గింజలు పది ఏరి, చెంచా వెనుకతో నలిపి, రెండు చుక్కల నీళ్లు, ఒక చుక్క మందు వేయండి. పిండి పదార్థం ఉంటే నల్లని నీలం రంగుకు తిరుగుతుంది. పక్కనే మామూలు బియ్యం నలిపిన పొడి, ప్లాస్టిక్ సంచి ముక్క పెట్టి వాటి మీద కూడా అదే చుక్క వేయండి. ప్లాస్టిక్ మీద మందు రంగు మారదు. గింజను నలపడం మరవద్దు, పైపొర నున్నగా ఉండటం వల్ల మందు త్వరగా లోపలికి దిగక రంగు సరిగా రాకపోవచ్చు. పరీక్ష చేసిన గింజలు పారేయండి, గుండిగలోకి పోనివ్వద్దు.

రెండోది ఇంకా తేలిక. ఇరవై గింజలు విడిగా పదిహేను నిమిషాలు ఉడికించి వేళ్ల మధ్య నొక్కండి. మెత్తగా ముద్దయితే బియ్యమే. గింజలను నిప్పు మీద కాల్చి చూడటం మాత్రం వద్దు, పిండి కూడా మాడి వాసన వస్తుంది కాబట్టి అనుమానం ఇంకా పెరుగుతుంది.

పరీక్ష చేసినా చేయకపోయినా, ఏరి పారేయడం ఈరోజే ఆపించండి. కిలో బియ్యానికి ఇవి 10 గ్రాములే, అంటే మీ 26 కిలోలకు 260 గ్రాములు. కలిపిన పోషకాలన్నీ ఆ 260 గ్రాముల్లోనే ఉంటాయి. అవి ఏరేస్తే మిగిలేది మామూలు బియ్యం.

కడగడం గురించి: ఇందులో వాడే ఐరన్ ఫెర్రిక్ పైరోఫాస్ఫేట్, అది నీళ్లలో కరగదు. ఒకటి రెండు సార్లు కడిగితే నష్టం లేదు. ఫోలిక్ యాసిడ్, బి12 మాత్రం నీళ్లలో కరిగేవి. ఎక్కువ ఎసరు పెట్టి గంజి వారిస్తే అవి కొంత గంజితో పోతాయి. అందుకే అత్తెసరు పెట్టండి.

మిల్లు_లెక్క

సంచిలో సరిపడా ఉన్నాయా అన్నదాని మీద రాస్తాను. నూటికి ఒకటి కలపాలన్నది నియమం. గంటకు 4 టన్నుల బియ్యం తీసే మిల్లులో గంటకు 40 కిలోల గింజలు పడాలి. బియ్యం నిమిషానికి 66 కిలోలకు పైగా దిగుతుంది. గింజలు వేసే తొట్టి ఖాళీ అయినా, గింజలు తొట్టి గొంతులో ఇరుక్కుని ఆగినా, ఒక్క నిమిషంలో ఒక బస్తా మొత్తం గింజ లేకుండానే బయటికి పోతుంది. చూసి హడావుడిగా వేగం పెంచితే తర్వాతి బస్తాలో రెట్టింపు పడుతుంది. సగటు లెక్క కాగితం మీద సరిపోతుంది, పిల్లవాడి కంచంలో సరిపోదు.

కాబట్టి ఒక్క సంచి చూసి తేల్చవద్దు. కనీసం ఐదు సంచుల్లోంచి పైన, మధ్య, అడుగున పిడికెడు చొప్పున తీసి, సంచికొక నమూనాగా విడివిడిగా ఉంచండి. ఒక్కో నమూనాలో 500 గ్రాములు తూచి, నల్లటి పళ్లెంలో పరిచి గింజలు ఏరండి. అర గ్రాము వరకు చూపే చిన్న డిజిటల్ కాటా మీద అవి 5 గ్రాముల దరిదాపుల్లో ఉండాలి. గింజ బరువు సుమారు 20 మిల్లీగ్రాములు అనుకుంటే 250 గింజలు. ఒక సంచిలో 40, ఇంకోదాంట్లో 500 వస్తే కలపడంలోనే లోపం. తూచినవి మళ్లీ అదే సంచిలో పోసేయండి.

ఇంకో పరీక్ష కూడా చేయండి. ఇరవై గింజలు గ్లాసు నీళ్లలో అరగంట నానబెట్టండి. ఉబ్బాలి గానీ విరిగి పిండిలా నీళ్లలో కలిసిపోకూడదు. కలిసిపోతే సరిగా ఒత్తని సరుకు అది. ఐరన్ నీళ్లలో కరగకపోయినా, గింజే కరిగిపోతే కడిగిన నీళ్లతో పాటు ఐరన్ కూడా తూములోకి పోతుంది. పై సమాధానంలో కడిగితే నష్టం లేదన్న మాట మంచి గింజకే చెల్లుతుంది.

లోపం కనిపిస్తే సంచి కుట్టు దగ్గరుండే చీటీ తీసి భద్రపరచండి. మిల్లు పేరు, లాట్ దాని మీదే ఉంటాయి. చీటీ లేకుండా ఫిర్యాదు చేస్తే సరుకు ఎక్కడిదో తేలదు.

బడి_కమిటీ

అయోడిన్ పరీక్ష రేపే చేస్తాం. అత్తెసరు దగ్గరే చిక్కు. 26 కిలోలూ ఒకే గుండిగలో వండుతారు. కొలిచి నీళ్లు పోస్తే అడుగంటుతుంది, నడుమ పలుకు మిగులుతుంది. అందుకే వార్చడం మానలేమని వంటమ్మలు అంటున్నారు.

గుండిగ_కొలతలు

వాళ్లు చెప్పేది నిజమే. 26 కిలోలు ఒకే పాత్రలో అత్తెసరు పెట్టడం చేయి తిరిగినవాళ్లకు కూడా కష్టం. కింద బరువుకు నలిగి ముద్దవుతుంది, పైన ఆవిరి చాలదు. పాత్రకు 10 కిలోలు మించకుండా మూడు పాత్రలు పెట్టండి. పొయ్యిలు రెండే ఉంటే మొదటిది దించి మూత పెట్టి ఉంచి, మూడోది ఎక్కించండి.

సన్న బియ్యానికి 10 కిలోలకు 20 నుంచి 22 లీటర్ల నీళ్లతో మొదలుపెట్టండి. కొత్త బియ్యమైతే 18 కూడా చాలవచ్చు, పాతదైతే ఇంకో రెండు లీటర్లు పడుతుంది. అందుకే కొత్త లాట్ రాగానే ముందు కిలో బియ్యంతో చిన్న గిన్నెలో వండి కొలత చూసుకోవాలి. బియ్యం అరగంట నానబెట్టి, ఆ నీళ్లు పారబోయకుండా ఎసరు కొలతలో కలపండి. ఎసరు బాగా మరిగాకే బియ్యం వేయండి. ఒకసారి అడుగు నుంచి కలిపి, నీళ్లు బియ్యం మట్టానికి దిగగానే మంట బాగా తగ్గించి, తడిగుడ్డ చుట్టిన మూత పెట్టి దాని మీద బరువు ఉంచండి. పన్నెండు, పదిహేను నిమిషాల తర్వాత మంట ఆపి ఇంకో పది నిమిషాలు కదపకండి. నడుమ పలుకు మిగిలేది ఈ పది నిమిషాలు ఆగక మూత తీయడం వల్లే.

ఒక పూట తప్పక వార్చాల్సి వస్తే ఆ గంజిని పారబోయకుండా పప్పులోనో చారులోనో పోయండి. పోయినవాటిలో కొంతైనా తిరిగి కంచంలోకి వస్తుంది.

పోషణ_విధానం

గింజల గురించి చెప్పినవన్నీ సరైనవే. కానీ ఇవి కలిపితే రక్తహీనత పోతుందని తల్లులకు చెప్పవద్దని నా మనవి. ఆ మాటకు ఆధారం గట్టిగా లేదు.

నిబంధన ప్రకారం కిలో ఫోర్టిఫైడ్ బియ్యంలో ఐరన్ 28 నుంచి 42.5 మిల్లీగ్రాములు, ఫోలిక్ యాసిడ్ 75 నుంచి 125 మైక్రోగ్రాములు, బి12 0.75 నుంచి 1.25 మైక్రోగ్రాములు ఉండాలి. అంటే 100 గ్రాముల అన్నపు బియ్యంతో చిన్నపిల్లలకు అందే ఐరన్ 2.8 నుంచి 4.25 మిల్లీగ్రాములు. 7–9 ఏళ్ల పిల్లలకు రోజుకు 15 మిల్లీగ్రాములు కావాలని 2020 నాటి ఐసీఎంఆర్–జాతీయ పోషకాహార సంస్థ సిఫార్సు. మామూలు పాలిష్ బియ్యంలో 100 గ్రాములకు 0.65 మిల్లీగ్రాములే కాబట్టి ఈ తేడా తీసిపారేయదగ్గది కాదు. అయితే 100 గ్రాముల తోటకూరలో కూడా 4.6 మిల్లీగ్రాములు ఉంది, రాగుల్లోనూ అంతే ఉండి పైగా 364 మిల్లీగ్రాముల కాల్షియం ఉంది.

బి12 లెక్క చూస్తే నాకు నిజంగా బాధేస్తుంది. 2016–18 సమగ్ర జాతీయ పోషణ సర్వేలో కౌమార వయసు వాళ్లలో 31 శాతం మందికి బి12 లోపం ఉంది. ఫోర్టిఫైడ్ బియ్యం 150 గ్రాములు తింటే వచ్చేది 0.2 మైక్రోగ్రాముల లోపే. ఒక కోడిగుడ్డులో సుమారు అర మైక్రోగ్రాము ఉంటుంది. అంటే ఒక గుడ్డు ఇచ్చేది బియ్యంతో రావాలంటే అర కిలో తినాలి. గుడ్డు ఎగ్గొట్టిన రోజున బియ్యంలో కలిపారు కదా అని సరిపెట్టుకోవడం అందుకే తప్పు.

2021 ఆగస్టు 15న ఫోర్టిఫైడ్ బియ్యం పంచే ఈ పథకాన్ని ప్రకటించారు. 2022 ఏప్రిల్‌లో కేంద్ర మంత్రివర్గం ఆమోదించింది. మొదట అంగన్‌వాడీలు, బడులు, తర్వాత ఎంపిక చేసిన జిల్లాల రేషన్, 2024 మార్చి నాటికి రేషన్ అంతటా అని దశలు పెట్టారు. 2024 అక్టోబరులో 2028 డిసెంబరు వరకు పొడిగించి 17,082 కోట్లు కేటాయించారు. అప్పటికే 2019 కోక్రేన్ సమీక్ష (ఎన్నో అధ్యయనాల ఫలితాలను కలిపి చూసేది), బియ్యానికి ఐరన్ కలిపితే రక్తహీనత ముప్పులో తేడా స్వల్పంగా ఉండవచ్చు లేదా ఉండకపోవచ్చు అని తేల్చింది. అన్ని జిల్లాలకూ ఒకే మోతాదు పంపడం కన్నా ఆ డబ్బులో కొంత పప్పుకు, గుడ్డుకు, ఆకుకూరకు ఇస్తే మేలని నా అభిప్రాయం.

ఉన్నదానితో మీరు ఈ వారమే చేయగలిగింది ఒకటుంది. ఫెర్రిక్ పైరోఫాస్ఫేట్ ఒంటికి పట్టడం తక్కువ, విటమిన్ సి తోడైతే కొంత మెరుగు. వేడికి విటమిన్ సి పోతుంది కాబట్టి నిమ్మరసం పప్పు దించాక పిండాలి. జామకాయల కాలంలో పిల్లవాడికి అర జామకాయ చాలు. భోజనానికి అటూ ఇటూ గంట సేపు టీ వద్దు, కొన్ని ఊళ్లలో పెద్ద తరగతుల పిల్లలు అన్నం తినగానే టీ తాగుతున్నారు. రాగిజావకు వీలైతే మొలకెత్తించిన రాగుల పిండి వాడండి. ఐరన్‌ను అడ్డుకునే ఫైటేట్లు మొలకతో తగ్గుతాయి.

ఆహార_సాంకేతికం

రక్తహీనత గురించి మీరన్నది ఒప్పుకుంటాను. కానీ గుడ్డుకూ గింజకూ పోటీ పెట్టనవసరం లేదు. గుడ్డు ఎగ్గొడితే దానికి వేరే ఫిర్యాదు పెట్టాలి. గింజలు ఏరేసినందువల్ల ఆ గుడ్డేమీ తిరిగి రాదు.

సికిల్ సెల్ ప్రశ్న మిగిలిపోయింది. 2018 నిబంధనల్లో ఐరన్ కలిపిన ఆహారం సంచుల మీద హెచ్చరిక వేయాలని ఉండేది. తలసేమియా (తరచూ రక్తం ఎక్కించాల్సి వచ్చే పుట్టు జబ్బు) ఉన్నవాళ్లు వైద్యుల పర్యవేక్షణలో తినాలని, సికిల్ సెల్ ఉన్నవాళ్లు తినవద్దని దాని సారాంశం. నిపుణుల కమిటీ పరిశీలించాక 2024లో ఆ హెచ్చరికను తొలగించారు. పాత సంచుల మీద ఇంకా కనిపిస్తే తికమక పడవద్దు.

మోతాదు పోల్చి చూడండి. తలసేమియా పిల్లలకు ఎక్కించే ఒక్క యూనిట్ రక్తంతో 200 నుంచి 250 మిల్లీగ్రాముల ఐరన్ నేరుగా ఒంట్లోకి చేరుతుంది. బడి అన్నంలో కలిపింది పూటకు 3, 4 మిల్లీగ్రాములు, పెద్ద తరగతులకు 6 దాకా. అందులోనూ ఒంటికి పట్టేది చాలా కొద్ది. ఆరు రోజులు తిన్నా చిన్నపిల్లలకు 26 మిల్లీగ్రాములకు మించదు. బడిలో వారానికోసారి ఇచ్చే గులాబి ఐరన్ మాత్ర ఒక్కదానిలోనే 45, పెద్దపిల్లల నీలి మాత్రలో 60 ఉన్నాయి. కాబట్టి ఆ ఇద్దరి విషయంలో ముందుగా అడగాల్సింది మాత్రల సంగతి. వాళ్ల సికిల్ సెల్ కార్డు చూపించి పీహెచ్‌సీ డాక్టరు దగ్గర మాత్ర ఇవ్వాలా వద్దా రాయించుకుని హెచ్‌ఎం దగ్గర ఉంచండి. వాళ్లిద్దరికీ రక్తం ఎక్కిస్తున్నట్లయితే అన్నం గురించి కూడా అదే డాక్టరును అడగండి. అప్పటిదాకా పంక్తిలోంచి లేపి విడిగా కూర్చోబెట్టకండి.

మిల్లు_లెక్క

ఫిర్యాదు ఎక్కడ చేయాలో చెప్పలేదు కదా. గింజలు లేకపోయినా, మరీ ఎక్కువున్నా, ముందు హెచ్‌ఎం ద్వారా మండల విద్యాధికారికి లిఖితపూర్వకంగా ఇవ్వండి, ఐదు సంచుల లెక్క, చీటీల ఫొటోలు జతచేసి. రేషన్ సరుకుకైతే 1967 నంబరు ఉంది. ఐరన్ మోతాదే తక్కువని అనుమానముంటే కంటితో తేలదు, ల్యాబ్‌కే పంపాలి. ఆహార భద్రత, ప్రమాణాల చట్టం 2006లోని 40వ సెక్షన్ ప్రకారం కొన్నవాళ్లెవరైనా రుసుము కట్టి ఫుడ్ అనలిస్టు చేత పరీక్ష చేయించుకోవచ్చు, లోపం తేలితే ఆ రుసుము వెనక్కి ఇస్తారు. బడికి ఉచితంగా వచ్చిన సరుకు కాబట్టి నమూనా తీయమని జిల్లా ఫుడ్ సేఫ్టీ అధికారినే అడగడం సులువు. ఆయన వచ్చేదాకా ఆ లాట్‌లో రెండు సంచులు విప్పకుండా పక్కన పెట్టండి. విప్పిన సంచిలోంచి తీసిన నమూనా మాది కాదని మిల్లువాళ్లు అంటే మీ దగ్గర జవాబు ఉండదు.