గేమ్ తెరుచుకోకపోతే ఫార్మాట్ ఒక్కటే దారా?

కందుకూరు కుర్రోడు: అన్నలందరికీ నమస్తే. గేమ్‌లు అమ్మే స్టీమ్ యాప్‌లో, సేల్‌లో పాత గేమ్ ఒకటి కొన్నాను. ప్లే నొక్కితే కాసేపు ‘రన్నింగ్’ అని చూపించి మళ్లీ ప్లే బటనే వస్తోంది. ఎర్రర్ బాక్సు కూడా రావడం లేదు. ల్యాప్‌టాప్ కొత్తదే, విండోస్ 11. షాపులో చూపిస్తే ఫార్మాట్ కొట్టాలి, అంటే సీ డ్రైవ్ తుడిచేసి విండోస్ మళ్లీ వెయ్యాలి, 600 అవుతుందన్నారు. నిజంగా అవసరమా?

ట్రంకురోడ్డు మెకానిక్: కొట్టించెయ్ అబ్బయా. పొద్దున ఇస్తే సాయంత్రానికి గేమ్ ఆడుకోవచ్చు. ఇక్కడ అడుగుతూ కూర్చుంటే పండగ సెలవులు అయిపోతాయి.

పెన్నగట్టు: ఆగు తమ్ముడూ. ముందు స్టీమ్‌లో గేమ్ మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్‌లోకి వెళ్లి వెరిఫై నొక్కు. ఏదైనా ఫైలు పాడైతే అంతవరకే మళ్లీ దించుకుంటుంది. తర్వాత విండోస్ సెక్యూరిటీలో ప్రొటెక్షన్ హిస్టరీ చూడు, విండోస్‌తో వచ్చే యాంటీవైరస్ డిఫెండర్ గేమ్ ఫైలును వైరస్ అనుకుని పక్కన పడేసి ఉండొచ్చు. అప్పటికీ కాకపోతే ఈవెంట్ వ్యూయర్‌లో (విండోస్ తప్పులు రాసుకునే చిట్టా, అదే లాగ్) విండోస్ లాగ్స్, అప్లికేషన్ తెరువు. గేమ్ పేరుతో ఎర్ర గుర్తుంటే, ‘ఫాల్టింగ్ మాడ్యూల్’ దగ్గర ఏ ఫైలు పేరుందో ఇక్కడ పెట్టు. ఎన్‌వీతో మొదలైతే చాలావరకు ఎన్‌విడియా గ్రాఫిక్స్ డ్రైవర్ గొడవ. వీసీరన్‌టైమ్ అని ఉంటే గేమ్‌లు వాడుకునే మైక్రోసాఫ్ట్ ఫైళ్ల కట్ట, విజువల్ సీ ప్లస్ ప్లస్ ప్యాకేజీ, ఎక్స్86 (32 బిట్), ఎక్స్64 (64 బిట్) రెండూ వెయ్యాలి. జ్వరమొచ్చిందని తలకాయ మార్పిస్తారా ఎవరైనా?

ట్రంకురోడ్డు మెకానిక్: విండోస్ 11 అంటేనే 64 బిట్. దానికి ఎక్స్86 ఎందుకు సామీ? ఊరికే చెత్త నింపడం.

పెన్నగట్టు: విండోస్ 64 బిట్ అయినంత మాత్రాన గేమ్ కూడా 64 బిట్ అవ్వాలని లేదు. పాత గేమ్‌లు చాలావరకు 32 బిట్‌వే. వాటికి 32 బిట్ ఫైళ్లే కావాలి. అవి సిస్‌వావ్64 ఫోల్డర్లో ఉంటాయి, 64 బిట్‌వి సిస్టమ్32లో. పేర్లు తిరగేసి ఉన్నాయని నమ్మకపోతే తెరిచి చూడు. ఈ సంగతి తెలియక జనం గేమ్ అడిగే డీఎల్‌ఎల్ ఫైలును ఏదో సైటు నుంచి దించి తప్పు ఫోల్డర్లో పడేస్తారు. ఆ తర్వాత వచ్చేదే 0xc000007b ఎర్రర్.

వేదాయపాళెం: తమ్ముడూ, సీ డ్రైవ్‌లో యూజర్స్ ఫోల్డర్ తెరిస్తే నీ పేరు ఏ లిపిలో ఉంది?

ట్రంకురోడ్డు మెకానిక్: నాకు ఫోల్డర్లు చూపించబాక. డెల్‌లు, హెచ్‌పీలు విప్పి విప్పి చేతులు కాయలు కాశాయి. ఎక్స్64 ఒక్కటే వేసి నడిపిన మిషన్లు ఎన్నో ఉన్నాయి.

పెన్నగట్టు: అవి 64 బిట్ గేమ్‌లు కాబట్టి నడిచాయి. ఇంత చిన్న విషయం...

చేపలపులుసు: మీరు కానివ్వండి, కరెంటొచ్చాక చదువుతా.

కనిగిరి అమ్మాయి: ఫార్మాట్ అనే మాట వింటేనే నాకు ఒళ్లు మండుతుంది. మా చెల్లి పెళ్లి ఫోటోలన్నీ డెస్క్‌టాప్ మీద ఉండేవి. సిస్టమ్ స్లో అయిందని ఒక షాపులో ఇస్తే అడగకుండా ఫార్మాట్ కొట్టి ఇచ్చాడు. డీ డ్రైవ్ అలాగే ఉంది కదా మేడమ్ అన్నాడు. డెస్క్‌టాప్ ఉండేది సీ డ్రైవ్‌లోనని నాకెట్లా తెలుస్తుంది? వాడికి తెలుసు కదా!

ట్రంకురోడ్డు మెకానిక్: బ్యాకప్ పెట్టుకోకపోవడం కస్టమర్ తప్పమ్మా.

కనిగిరి అమ్మాయి: ‘ఫోటోలు ఏమైనా ఉన్నాయా’ అని అడగడానికి ఎంత ఖర్చవుతుంది మీకు?

పెన్నగట్టు: అడగరు. అడిగితే కాపీ చెయ్యాలి, దానికి టైము పడుతుంది. ఇంకోటి వినండి. మా తమ్ముడి ల్యాప్‌టాప్‌లో విండోస్ 11 మళ్లీ వేస్తూ బయోస్‌లో (విండోస్ కన్నా ముందు తెరుచుకునే సెట్టింగ్స్) సెక్యూర్ బూట్ అనే రక్షణ తీసేశారు. అప్పటిదాకా ఆడుకుంటున్న వాలరెంట్ ఆ రోజు నుంచి రాలేదు. విండోస్ 11లో ఆ గేమ్‌కి టీపీఎం 2.0 అనే సెక్యూరిటీ భాగం, సెక్యూర్ బూట్ రెండూ ఉండి తీరాలి. మీ మందే రోగం తెచ్చింది.

ట్రంకురోడ్డు మెకానిక్: ‘మీ మందు’ అంటే? నేను చేశానా? ఇంట్లో ఏసీ వేసుకుని లాగ్‌లు చదివేవాడివి నువ్వు. నా కొట్టుకు అద్దె కట్టాలి. మూడు గంటలు కూర్చుని కారణం పట్టుకుని, ఒక టిక్ తీసేసి ఇస్తే కస్టమర్ ఏమంటాడో తెలుసా? ‘దీనికి 600 ఏందన్నా’ అంటాడు. అదే ఫార్మాట్ కొట్టి కొత్త వాల్‌పేపర్ కనపడితే మాట్లాడకుండా ఇస్తాడు. కారణం చెప్తే డబ్బులివ్వరు, కొత్తగా కనపడితేనే ఇస్తారు.

పెన్నగట్టు: ఈ మాట మొదటే చెప్పి ఉంటే ఇంత గొడవెందుకు? ఫార్మాట్ అవసరమని కాదు, గిట్టుబాటు అవుతుందని చెప్పు.

ట్రంకురోడ్డు మెకానిక్: గిట్టుబాటు కాకుండా ఏ పని చేస్తావు నువ్వు? ఇక్కడ ఉచితంగా చెప్పేది నీ సరదా. నాది బతుకుతెరువు.

కందుకూరు కుర్రోడు: అన్నలూ, వెరిఫై చేశా, ఎక్స్86 కూడా వేశా, కుదర్లేదు. ఈవెంట్ వ్యూయర్‌లో గేమ్ పేరే లేదు. వేదాయపాళెం అన్న అడిగింది ఇప్పుడే చూశా. ల్యాప్‌టాప్ కొన్నప్పుడు నా పేరు తెలుగులోనే కొట్టాను, ఫోల్డర్ కూడా తెలుగులోనే ఉంది. ఇంగ్లీషు పేరుతో ఇంకో అకౌంట్ పెట్టి చూస్తే గేమ్ తెరుచుకుంది!

వేదాయపాళెం: అనుకున్నా. పాత గేమ్‌లు కొన్ని ఇంగ్లీషు కాని అక్షరాలున్న ఫోల్డర్లో సెట్టింగ్స్ రాసుకోలేక వాటంతట అవే మూసుకుంటాయి. క్రాష్ కాదు కాబట్టి లాగ్‌లో పడదు. పాత అకౌంట్‌లో పేరు మార్చి సరిపెట్టుకోవద్దు, పైన కనపడే పేరే మారుతుంది, ఫోల్డర్ మారదు. కొత్త అకౌంట్‌లోకి నీ ఫైళ్లు కాపీ చేసుకో. అన్నీ వచ్చాయని చూసుకున్నాకే పాతది తీసెయ్.

ట్రంకురోడ్డు మెకానిక్: చూశారా, ఫార్మాట్ కొట్టినా పోయేదే. నేనెప్పుడూ ఇంగ్లీషులో ‘అడ్మిన్’ అనే పెడతా.

పెన్నగట్టు: పోయేదే, కారణం నీకూ తెలిసేది కాదు, కుర్రోడికీ తెలిసేది కాదు. మళ్లీ తెలుగులో పేరు పెట్టుకుంటే మళ్లీ 600.

ట్రంకురోడ్డు మెకానిక్: నీ ఈవెంట్ వ్యూయర్‌కి మాత్రం తెలిసిందా? చెప్పింది వేదాయపాళెం ఆయన. పోనీ ఒక మాట అడుగుతా. బాగు చెయ్యకుండా, ఊరికే చూసి ఇదీ కారణం అని చెప్తే 200 ఇచ్చేవాళ్లు ఇక్కడ ఎంతమంది ఉన్నారు?

చేపలపులుసు: కరెంటొచ్చింది. నేనివ్వను.

కనిగిరి అమ్మాయి: నేనిస్తా. మొదట అడిగి, తర్వాత చెయ్యి వేస్తానంటే 500 అయినా ఇస్తా.