నాంపల్లి నుంచి కాచిగూడకు నేరుగా పట్టాలు ఎందుకు లేవు?

లోకల్‌బండి:
మ్యాపులో చూస్తే నాంపల్లి, కాచిగూడ స్టేషన్ల మధ్య దూరం నాలుగైదు కిలోమీటర్లే. రైల్లో పోవాలంటే మాత్రం లక్డీకాపూల్, ఖైరతాబాద్, జేమ్స్ స్ట్రీట్ మీదుగా పైకి వెళ్లి, సికింద్రాబాద్ చుట్టి, సీతాఫల్‌మండి, విద్యానగర్ మీదుగా మళ్లీ కిందికి దిగాలి. రెండూ నిజాం కాలపు స్టేషన్లే. మరి అప్పుడే ఎందుకు కలపలేదు? ఇంకోటి: బోర్డు మీద హైదరాబాద్ అని ఉన్న నాంపల్లి స్టేషన్ సికింద్రాబాద్ డివిజన్‌లో (రైల్వే పాలనా విభాగంలో) ఉంది, కాచిగూడేమో హైదరాబాద్ డివిజన్‌లో ఉంది. ఇలా ఎందుకయింది? కాచిగూడది గోతిక్ (యూరప్ పాత చర్చిల శైలి) భవనమని చాలామంది రాస్తున్నారు, అది నిజమేనా?

మీటర్‌గేజ్:
మొదటి రెండు ప్రశ్నలకూ జవాబు పట్టాల మధ్య ఎడంలో ఉందండి, దాన్నే గేజ్ అంటారు.

1874లో వాడి (ఇప్పటి కర్ణాటకలోని జంక్షన్) నుంచి సికింద్రాబాద్‌కు వచ్చిన మొదటి లైను బ్రాడ్ గేజ్, అంటే 1676 మి.మీ. బొంబాయి–మద్రాసు లైనుకు వాడి దగ్గర కలవాలి కాబట్టి అదే గేజ్ వేశారు. ఆ లైనే కాజీపేట, డోర్నకల్ మీదుగా 1889లో బెజవాడ చేరింది. నాంపల్లి ఈ కుటుంబంలోనిది. వాడి లైను నుంచి హుస్సేన్‌సాగర్ జంక్షన్ దగ్గర చీలి నగరంలోకి వచ్చే కొమ్మకు అది చివర.

మన్మాడ్ నుంచి నిజామాబాద్ మీదుగా వచ్చిన హైదరాబాద్–గోదావరి వ్యాలీ రైల్వే మీటర్ గేజ్, సరిగ్గా 1000 మి.మీ. 1901 నాటికి అది పూర్తయింది. తర్వాత మహబూబ్‌నగర్, గద్వాల వైపు దక్షిణానికి వేసిన లైను కూడా మీటర్ గేజే. ఆ వైపు బళ్ల కోసం 1916లో కట్టినదే కాచిగూడ. నిజాం రైల్వే ప్రధాన కార్యాలయం కూడా అక్కడే ఉండేది. అంటే ఊరు ఒకటే అయినా రైలు వ్యవస్థలు రెండు. బ్రాడ్ గేజ్ ఇంజన్ మీటర్ గేజ్ పట్టాల మీదికి ఎక్కదు. రెండూ కలిసేది సికింద్రాబాద్‌లోనే. నిజామాబాద్ వైపు నుంచి వచ్చిన సరుకు బెజవాడ పోవాలంటే అక్కడ ఒక వ్యాగన్‌లోంచి దించి ఇంకో వ్యాగన్‌లోకి ఎక్కించాల్సిందే. నాంపల్లి–కాచిగూడ లైను వేసినా ఏదో ఒక కొసన ఈ దించుడు, ఎక్కించుడు తప్పేది కాదు. మూడో పట్టా వేసి రెండు గేజ్‌ల బళ్లూ నడపొచ్చు గానీ, ప్రతి పాయింటు (బండి ఒక పట్టా నుంచి ఇంకోదానికి మళ్లే చోటు) దగ్గరా అదనపు నాలుకలు (బండిని మళ్లించే కదిలే పట్టా ముక్కలు), అదనపు క్రాసింగులు కావాలి.

డివిజన్ల సంగతి. నిజాం రైల్వే 1951లో సెంట్రల్ రైల్వేలో కలిసింది, 1966 అక్టోబరు 2న దక్షిణ మధ్య రైల్వే ఏర్పడింది. 1978లో సికింద్రాబాద్ డివిజన్‌ను విడగొట్టి హైదరాబాద్ డివిజన్ చేసినప్పుడు మీటర్ గేజ్ లైన్లు ప్రధానంగా కొత్త డివిజన్‌కు వెళ్లాయి. నాంపల్లి బ్రాడ్ గేజ్ కాబట్టి పాత డివిజన్‌లోనే ఉండిపోయింది. ఊరి పేరును బట్టి పంచుకోలేదు, గేజ్‌ను బట్టి పంచుకున్నారు.

పాయింట్స్‌మన్:
పైన చెప్పింది సరైనదే, కానీ గేజ్ ఒక్కటే కారణం కాదు. 1992లో యూనిగేజ్ ప్రాజెక్టు (లైన్లను బ్రాడ్ గేజ్‌కు మార్చే పథకం) మొదలయ్యాక కాచిగూడకు రెండు వైపులా ఉన్న లైన్లు దశలవారీగా బ్రాడ్ గేజ్ అయ్యాయి. అయినా లింకు రాలేదు, ఎందుకంటే భూమి లేదు.

మన రైల్వేలో వంపును డిగ్రీల్లో చెబుతారు. 1750ని డిగ్రీలతో భాగిస్తే వ్యాసార్ధం మీటర్లలో వస్తుంది. డిగ్రీలు పెరిగేకొద్దీ వంపు బిగుతు. బ్రాడ్ గేజ్‌కు గరిష్ఠంగా 10 డిగ్రీలు, అంటే వ్యాసార్ధం కనీసం 175 మీటర్లు. మీటర్ గేజ్‌కు 16 డిగ్రీల దాకా కుదురుతుంది, సుమారు 109 మీటర్లు. పడమర నుంచి వచ్చే పట్టాను కాచిగూడ దగ్గర ఉత్తర–దక్షిణంగా పోయే లైనులో కలపాలంటే దాదాపు పావు వృత్తం తిప్పాలి. అది కూడా ఆబిడ్స్, కోఠి, సుల్తాన్ బజార్ ఇళ్ల మధ్య. పైగా 175 అనేది అట్టడుగు హద్దు. అంత బిగుతు వంపులో బండి నెమ్మదిగా పోవాలి, చక్రం అంచు రాసుకుని బయటి పట్టా తొందరగా అరుగుతుంది.

గేజ్ మార్చడమంటే ఒక పట్టాను 676 మి.మీ. పక్కకు జరపడమని కొందరు అనుకుంటారు. అలా కాదు. మీటర్ గేజ్ స్లీపరు (పట్టాల కింద అడ్డంగా వేసే దిమ్మె) పొట్టిది, దాని మీద బ్రాడ్ గేజ్ పట్టా కూర్చోదు. కాబట్టి స్లీపర్లన్నీ మార్చాలి, కంకర లోతు పెంచాలి, పట్టాల కింది మట్టికట్ట వెడల్పు చేయాలి, వంతెనల గర్డర్లు (దూలాలు) ఎక్కువ ఇరుసు బరువుకు ఆగుతాయో లేదో లెక్క వేయాలి. ప్లాట్‌ఫారం అంచు వెనక్కి జరపాలి: బ్రాడ్ గేజ్‌లో పట్టాల మధ్యరేఖ నుంచి అంచుకు 1670–1680 మి.మీ. ఉండాలి. పట్టా పైనుంచి ఎత్తు 760–840 మి.మీ. ఉంటే ఎత్తు ప్లాట్‌ఫారం. పాత మీటర్ గేజ్ ప్లాట్‌ఫారాలు దీనికంటే బాగా పల్లం. వాటిని లేపకుండా లోకల్ బండి నడిపితే దిగేవాళ్ల కాలు అందదు, జనం దిగేలోపు బండి ఆలస్యం.

  

గుమ్మటం:
భవనం గురించి. గోతిక్ అనడం పొరపాటు, కోసుగా ఉన్న కమానులు చూసి అంటున్నారు. నడిమి గుమ్మటం, పక్క గుమ్మటాలు, మినార్లు కలిపి చూస్తే అది ఇండో–సారసెనిక్ (భారతీయ, ఇస్లామిక్, యూరప్ పద్ధతులు కలిసిన శైలి). రూపకర్త విన్సెంట్ ఎష్. హైదరాబాద్ హైకోర్టు, సిటీ కాలేజీ, ఉస్మానియా ఆసుపత్రి కూడా ఆయనవే. కాచిగూడలో అసలు విశేషం గుమ్మటం కాదు, కాంక్రీటు. ముందే అచ్చు పోసిన రీఇన్‌ఫోర్స్‌డ్ (లోపల ఇనుప చువ్వలున్న) కాంక్రీటు ముక్కలను తెచ్చి అమర్చి కట్టారు, 1916కి ఇది చాలా ముందడుగు. పరదా పాటించే స్త్రీలు ఎవరి కంటా పడకుండా బండి దాకా వెళ్లే ఏర్పాటు కూడా ఉండేది.

మరమ్మతు చేసేవాళ్లకు ఒక్క మాట: ఇలాంటి పాత కాంక్రీటులో తడి దిగితే లోపలి ఇనుము తుప్పు పట్టి ఉబ్బుతుంది, పైపొర పెచ్చులుగా ఊడుతుంది. పైన రంగు కొట్టి మూసేస్తే లోపల తుప్పు ఆగదు. పెచ్చు తీసి, ఇనుము శుభ్రం చేసి, అప్పుడు పూయాలి. వాన నీరు పోయే తూములు ముందు చూసుకోవాలి.

లోకల్‌బండి:
డివిజన్ల చిక్కుముడి వీడింది, ధన్యవాదాలు. మరి ఇప్పుడు నాంపల్లిలో దిగి కాచిగూడలో బండి పట్టుకోవాలంటే ఏది దగ్గర దారి?

పాయింట్స్‌మన్:
నాంపల్లి మెట్రో ఎక్కి ఎల్బీ నగర్ వైపు వెళ్లండి. గాంధీభవన్, ఉస్మానియా మెడికల్ కాలేజీ, ఎంజీబీఎస్ తర్వాత మలక్‌పేట. అక్కడి లోకల్ స్టేషన్ నుంచి సికింద్రాబాద్ వైపు ఒక్క స్టేషనే కాచిగూడ. లోకల్ ఆలస్యమైతే ఆగకుండా ఆటో చూసుకోండి. సామాను ఎక్కువుంటే నాంపల్లి నుంచే ఆటో మేలు.

ఇంకో జాగ్రత్త. కాచిగూడలో బయల్దేరే నిజామాబాద్ వైపు బళ్లు చాలావరకు సీతాఫల్‌మండి దగ్గర మల్కాజిగిరి వైపు తిరిగి, సికింద్రాబాద్ తాకకుండానే పోతాయి. సికింద్రాబాద్‌లో ఎక్కుదామని నిలబడితే బండి తప్పుతుంది. టికెట్టు మీద ఎక్కే స్టేషన్ చూసుకోండి.