అప్‌డేట్: పొట్టి రిటర్నర్ గురించి అడిగాను కదా, చూసేశాను

5 అడుగుల 8 అంగుళాల మనిషి ఎన్ఎఫ్ఎల్‌లో (అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్‌లో) రిటర్నర్‌గా, అంటే ప్రత్యర్థి తన్నిన బంతిని అందుకుని ముందుకు పరిగెత్తేవాడిగా, ఎలా నెగ్గుకొచ్చాడని మొన్న అడిగాను. మీరు చెప్పిన డాంటే హాల్ వీడియోలు చూశాను. ఒళ్లు పులకరించింది!

2000లో కాన్సస్ సిటీ చీఫ్స్ జట్టు డ్రాఫ్ట్ (కొత్త ఆటగాళ్ల ఎంపిక) ఐదో రౌండ్‌లో తీసుకున్న కుర్రాడు, 2003లో వరసగా నాలుగు మ్యాచ్‌ల్లో రిటర్న్ టచ్‌డౌన్ కొట్టాడు, అంటే అందుకున్న బంతితో అవతలి గోల్ లైన్ దాటేశాడు. నాలుగోది డెన్వర్ మీద. పంట్ (ప్రత్యర్థి దూరంగా తన్నిన బంతి) అందుకుని, ముందు దారి మూసుకుపోతే తన గోల్ లైన్ వైపే వెనక్కి పరిగెత్తాడు. అలా ఎవరైనా చేస్తారా! మీదపడ్డవాళ్లను ఒక్కొక్కరినీ తప్పించుకుని 93 గజాలు లాగించాడు. చీఫ్స్ 24-23తో గెలిచింది. ఎత్తు కాదు, ఆగి దిశ మార్చే ఆ కాళ్లే అతని బలం.

అందరికీ థ్యాంక్స్. ఇక 5 అడుగుల 6 అంగుళాల మరో రిటర్నర్ డారెన్ స్ప్రోల్స్ మ్యాచ్‌లు మొదలుపెడుతున్నా.