అప్‌డేట్: తప్పు నా చేతులది కాదు, టీవీది

చిన్నప్పుడు క్యాసెట్ పెట్టి ఆడిన సూపర్ మారియో బ్రదర్స్‌ని ఇప్పుడు నింటెండో స్విచ్ అనే గేమ్ మెషీన్‌లో ఆడుతుంటే, బటన్ నొక్కిన కాసేపటికి గానీ మారియో ఎగరడం లేదని పోయిన వారం అడిగాను కదా. చాలామంది టీవీలో గేమ్ మోడ్ ఆన్ చేయమన్నారు. చేశాను. అంతే, గోతులన్నీ దాటేస్తున్నాను! బొమ్మకి మెరుగులు దిద్దడానికి టీవీ తీసుకునే టైమే ఆ ఆలస్యమట, గేమ్ మోడ్ ఆ మెరుగుల్ని తగ్గించేస్తుందట. పాత డబ్బా టీవీలకి ఈ గోల లేదు.

అదే ఊపులో సూపర్ నింటెండో అనే పాత గేమ్ మెషీన్‌కి 1993లో వచ్చిన ఆల్-స్టార్స్‌లో ఇదే గేమ్‌ని కొత్త బొమ్మలతో మళ్లీ చేశారు, అది కూడా ఆడాను. రంగులు బాగున్నాయి. కానీ 1985 నాటి అసలు గేమ్‌లో ఇటుక పగలగొడితే మారియో టక్కున కిందికి పడతాడు, ఇందులో ఇంకా పైకే పోతాడు. చేతికి పాత లెక్క అలవాటైపోయి రెండుసార్లు చచ్చాను. నాకైతే పాతదే నయం.

ఫ్రెండ్ దగ్గరున్న గేమ్‌బాయ్ కలర్‌లో (చేత్తో పట్టుకుని ఆడే చిన్న మెషీన్) ఇదే గేమ్‌ని సేవ్ చేసుకోవచ్చు గానీ, స్క్రీన్ చిన్నది కాబట్టి ముందేముందో కనపడదు. గుడ్డిగా దూకడమే.

ప్రస్తుతం 8-3లో (ఎనిమిదో వరల్డ్, మూడో లెవెల్) సుత్తులు విసిరే తాబేళ్ల దగ్గర ఇరుక్కున్నాను. దానికి మాత్రం గేమ్ మోడ్ పనిచేయడం లేదు.