చర్చ: నగరంలో రాకపోకలు మనుషులను కలుపుతున్నాయా, విడదీస్తున్నాయా?

మలక్‌పేట నివాసి:
హైదరాబాదులో మెట్రో రైలు 2017 నవంబరులో మొదలైంది. నగరం చుట్టూ 158 కిలోమీటర్ల ఔటర్ రింగు రోడ్డు ఉంది. ఇంత తిరుగుతున్నా ఎదుటి ఫ్లాటులో ఎవరున్నారో మనకు తెలియదు. రాకపోకలు పెరిగినకొద్దీ మనిషి ఒంటరివాడవుతున్నాడని నా వాదన. కాదనేవారు కారణం చూపాలి.

రామంతాపూర్ గృహిణి:
కాదనే అంటాను. అన్ని రాకపోకలనూ ఒకే గాటన కట్టకూడదు. తెలంగాణలో 2023 డిసెంబరు 9న ఆడవాళ్లకు ఆర్టీసీ బస్సుల్లో ఉచిత ప్రయాణం వచ్చాక, మా వీధిలో పూలమ్మే పెద్దమ్మ జీరో టికెట్టు కొంగున ముడివేసుకొని ఘట్‌కేసర్‌లోని కూతురింటికి తరచుగా వెళ్లివస్తోంది. అంతకు ముందు రానూపోనూ ఛార్జీలు పెడితే ఆ పూట బేరం మిగలదని పండుగకు తప్ప కదిలేది కాదు. ఆమెది డబ్బు లేక వచ్చిన ఒంటరితనం.

ఇరుగుపొరుగు తెగిపోవడానికి కారణం ఇంటి ముందు పోయే బండ్లు. 1969 ప్రాంతంలో నగర రూపకల్పన పరిశోధకుడు డొనాల్డ్ యాపిల్‌యార్డ్ శాన్‌ఫ్రాన్సిస్కోలో మూడు వీధులను పరిశీలించి, రోజుకు సుమారు 2,000 వాహనాలు పోయే వీధివారికి తమ వీధిలో ఉన్న స్నేహితులు, 16,000 వాహనాలు పోయే వీధివారికి ఉన్నవారికంటే దాదాపు మూడు రెట్లు ఎక్కువని తేల్చారు. మా వీధిలోనూ రోడ్డు వెడల్పు చేసినప్పుడు అరుగులు పోయాయి. సాయంత్రం బియ్యం ఏరుకుంటూ కూర్చునే చోటే లేకపోయాక మాట ఎక్కడ కలుస్తుంది?

నల్గొండ నుంచి వచ్చిన అద్దెదారు:
మీరిద్దరూ ఇరుగుపొరుగు అంటే మంచే అనుకుంటున్నారు. మా ఊళ్లో నేను ఏ వాడవాడినో అందరికీ తెలుసు గనుకనే హోటల్లో నాకు గ్లాసు వేరుగా పెట్టేవారు. మెట్రోలో అమీర్‌పేట దాకా నా భుజానికి భుజం తగిలేలా నిలబడేవారెవరూ నా కులం అడగరు. పలకరింపు లేకపోయినా నాకు అక్కడ ఊపిరాడుతుంది. అద్దె ఇంటికోసం వెళ్తే మాత్రం ఇంటిపేరు మొదలుకొని ఆరా తీస్తారు. పాత వీధుల్లోని ఆప్యాయత తిరిగి రావాలనేవారు ముందు ఈ ఆరా సంగతి తేల్చాలి.

రామంతాపూర్ గృహిణి:
తమ్ముడూ, ఇంటి ముందరి అరుగు ఇంటివాళ్లది, దానిమీద ఎవరు కూర్చోవాలో వాళ్లే చెబుతారు. అందుకే ఎవరి అనుమతీ అక్కరలేకుండా మీరూ నేనూ కూర్చోగల చోటు, నీడతో, బల్లలతో, ప్రతి బస్టాపు పక్కనా ఉండాలంటున్నాను. రోడ్డు వెడల్పు కోసం అర్జీ పెట్టేవారు అదే కాగితంలో ఫుట్‌పాత్‌నూ, ఈ చోటునూ కూడా అడగాలి. మా వార్డు కార్యాలయంలో నేను ఇవ్వబోయే అర్జీలో ఇవి రెండూ ఉంటాయి.