ఉజ్బెక్ సినిమాలో ఎడిటర్ కళాకారుడా, దర్శకుడు చెప్పింది అతికించే మనిషా?

రీలుపిచ్చి:
తాష్కెంట్‌లోని ఉజ్బెక్‌ఫిల్మ్ స్టూడియో 1966లో తీసిన 'నేజ్నొస్త్' (ఆర్ద్రత) నిన్న మళ్ళీ చూశాను. మూడు కథలు. మొదటి కథలో సంజార్ అనే కుర్రాడు ఆరాధనగా చూసిన లేనాయే రెండో కథకి నాయిక. ఒక కథలోంచి ఇంకోదాంట్లోకి ఎప్పుడు జారిపోయామో తెలియదు. దర్శకుడు ఎల్యోర్ ఇష్ముహమెదోవ్, రచయిత ఒదెల్షా అగిషెవ్ అని అందరూ చెబుతారు. ఎడిటర్ పేరు ఎవరూ ఎత్తరు. ఇది అన్యాయం అంటాను. మీరేమంటారు?

తూర్పుగాలి:
అన్యాయం అన్నది పెద్ద మాటండీ. సోవియట్ పద్ధతిలో మాంటేజ్ (షాట్లని కోసి, వరస పేర్చి అతికించడం) అంటే దర్శకుడి పనే. కులెషోవ్, ఐసెన్‌స్టెయిన్, పుదోవ్కిన్, దాని గురించి రాసినవాళ్ళంతా దర్శకులే కదా. షూటింగుకి ముందే ఏ షాటు ఎన్ని మీటర్లో కూడా దర్శకుడి స్క్రిప్టులో ఉండేది. ఎడిటింగు బల్ల దగ్గర కూర్చున్నవాళ్ళు దాన్ని అమలు చేశారు. వాళ్ళ శ్రమంటే నాకూ గౌరవమే, కానీ సినిమా ఎవరిదంటే దర్శకుడిదే అంటాను.

పాత మూవియోలా:
నేను మద్రాసులో ఫిల్ము రోజుల్లో అసిస్టెంటుగా చేశాను కాబట్టి చెబుతున్నా. మీటరు ఫిల్ముకి దాదాపు 52 ఫ్రేములు. కాగితం మీద 'రెండు మీటర్లు' అని రాసేయొచ్చు. తెల్ల తొడుగులు వేసుకుని ముక్కని దీపానికి ఎదురుగా పట్టుకున్నప్పుడు వచ్చే ప్రశ్న వేరు: ఆ అమ్మాయి రెప్ప వాల్చాక ఇంకో రెండు ఫ్రేములు ఉంచాలా, తీసెయ్యాలా? రెండు ఫ్రేములంటే సెకనులో పన్నెండో వంతు. ఉంచితే దిగులు, తీసేస్తే కోపం. అది ఏ స్క్రిప్టులోనూ ఉండదు. మన ఆదుర్తి సుబ్బారావుగారు దర్శకుడు కాకముందు ఎడిటింగులోనే పనిచేశారు. ఆ చెయ్యి ఊరికే రాదు.

ఇంకో మాట. 1934 నాటి సోవియట్ డాక్యుమెంటరీ 'లెనిన్ గురించి మూడు పాటలు'లో మొదటి పాట ముసుగు తీసేసిన మధ్య ఆసియా ఆడవాళ్ళది. దాని దర్శకుడు వెర్తోవ్ పేరు అందరికీ తెలుసు. ఆయనతో కలిసి పనిచేసిన ఎడిటర్ యెలిజవెతా స్విలోవా పేరు ఎంతమంది విన్నారు?

రీలుపిచ్చి:
తూర్పుగాలి గారూ, 1980 నాటి 'అలీబాబా ఔర్ చాలీస్ చోర్' సంగతి చెప్పండి. ఉజ్బెక్‌ఫిల్మ్, బొంబాయివాళ్ళు కలిసి తీశారు. లతీఫ్ ఫైజియెవ్, ఉమేష్ మెహ్రా ఇద్దరూ దర్శకులే. ధర్మేంద్ర, హేమమాలినితో పాటు సోవియట్ నటుడు రోలన్ బికోవ్ ఉన్నారు. రష్యన్ ప్రతి వేరు, హిందీ ప్రతి వేరు. మరి ఇందులో 'దర్శకుడి మాంటేజ్' ఏది?

తూర్పుగాలి:
ఈ సినిమా వరకు ఒప్పుకుంటాను. అక్కడ ప్రేక్షకుడే మారిపోయాడు, కాబట్టి కోతా మారుతుంది. కానీ దర్శకుడు అలీ హమ్రాయెవ్ తీసిన 'ఏడో తూటా' (1972) విషయంలో మాత్రం నా మాట మీదే ఉంటాను. ఆ బిగువు కొంచలోవ్‌స్కీ, గొరెన్‌స్టెయిన్ రాసిన స్క్రిప్టులోనే ఉంది.

పాత మూవియోలా:
ఆ సినిమాలో గుర్రాల మీద వెంటాడే ఘట్టం ఒక్కసారి సౌండు ఆపేసి చూడండి. చూశాక మాట్లాడుకుందాం.